కవుల వెంట స్కాట్లాండ్: ఎక్కడ ఖర్చు పెట్టొచ్చు, ఎక్కడ అక్కర్లేదు

ఎడిన్‌బరో వెళ్లినవాళ్లు చాలామంది టికెట్ కొని, కవీ నవలాకారుడూ అయిన వాల్టర్ స్కాట్ స్మారకం స్కాట్ మాన్యుమెంట్ ఎక్కుతారు. అరవై మీటర్ల పైచిలుకు రాతి గోపురం, 287 మెట్లు. పైకి వెళ్లేకొద్దీ దారి ఇరుకైపోతుంది, మోకాళ్ల నొప్పులున్నవాళ్లకి వద్దనే చెప్తాను. ఊరంతా కనిపిస్తుంది నిజమే, కానీ కవిత్వం కోసం వచ్చినవాళ్లకి అక్కడ దొరికేది తక్కువ.

ఆ డబ్బు మిగుల్చుకుని పాత ఊరి పెద్ద వీధి రాయల్ మైల్ మీద ఒక పూట నడవండి. ఓ సందులోపల రైటర్స్ మ్యూజియం ఉంది, ప్రవేశం ఉచితం. స్కాట్లాండ్ జాతీయ కవి రాబర్ట్ బర్న్స్, స్కాట్, ట్రెజర్ ఐలాండ్ రాసిన స్టీవెన్‌సన్ ముగ్గురి వస్తువులూ ఉంటాయి. గదులు చిన్నవి, గుంపు వస్తే ఊపిరాడదు. నాకు బయటి ఆవరణే ఎక్కువ నచ్చింది. దాన్ని మేకర్స్ కోర్ట్ అంటారు. 14వ శతాబ్దపు జాన్ బార్బర్ మొదలుకుని 20వ శతాబ్దపు సోర్లీ మాక్లీన్ దాకా కవుల మాటలు కాళ్లకింది రాళ్ల మీద చెక్కి ఉంటాయి. స్కాట్స్, గేలిక్, ఇంగ్లీషు, లాటిన్ అన్నీ కలిసే ఉన్నాయి.

అదే వీధిలో కిందికి వెళ్తే కానన్‌గేట్ చర్చి. గేటు బయట పుస్తకం పట్టుకుని హడావిడిగా నడుస్తున్న కుర్రాడి విగ్రహం కవి రాబర్ట్ ఫెర్గుసన్‌ది. 24 ఏళ్లకే, 1774లో, పిచ్చాసుపత్రిలో పోయాడు. సమాధికి గుర్తు కూడా లేదు. 1787లో బర్న్స్ వచ్చి, కవిత్వంలో నాకు అన్న ఇతను అనుకుని, తన ఖర్చుతో రాయి వేయించాడు. రాయి నిలబెట్టడానికి పనివాడు రెండేళ్లు తీసుకున్నాడు, డబ్బు ఇవ్వడానికి బర్న్స్ కూడా రెండేళ్లు తీసుకుని, లెక్క సరిపోయిందని ఉత్తరంలో రాసుకున్నాడు! నా మట్టుకు ఎడిన్‌బరోలో చూడాల్సింది ఆ రాయే.

బస సంగతి: ఆగస్టులో ఫెస్టివల్ జరుగుతుంది, గదుల రేట్లు చుక్కలు చూపిస్తాయి. మేము దిగిన చోట నాలుగో అంతస్తు, లిఫ్ట్ లేదు. ఆ నెల తప్పించుకోండి.

బర్న్స్ పుట్టిన అలోవేకి గ్లాస్గో నుంచి ఎయిర్ అనే ఊరి దాకా రైలు, అక్కడి నుంచి బస్సు. తండ్రి స్వయంగా కట్టుకున్న మట్టిగోడల, గడ్డికప్పు ఇల్లు అది. పశువులూ మనుషులూ ఒకే కప్పు కింద ఉండేవాళ్లు. దగ్గర్లోనే మ్యూజియం, పాడుబడ్డ పాత చర్చి, డూన్ నది మీద వంతెన. బర్న్స్ కథాకావ్యం టామ్ ఓ షాంటర్ చదివి వెళ్తే దెయ్యాలు వెంటపడిన దారి అంతా కళ్లకు కడుతుంది, చదవకపోతే మామూలు వంతెనే. ఇక్కడ టికెట్ దండగ కాదు. ఒకటి మాత్రం మర్చిపోకూడదు. 1786లో తొలి పుస్తకం 612 ప్రతులు అచ్చయినప్పుడు ఈ మనిషి జమైకాలో బానిసల తోటకి గుమాస్తాగా వెళ్లడానికి సిద్ధమవుతున్నాడు. పుస్తకం ఆడటంతో ఆగిపోయాడు.

రెండిట్లో ఒకటే కుదిరితే నేను అలోవేని వదిలి డంఫ్రీస్‌కే వెళ్తాను. ఎక్సైజ్ ఉద్యోగం చేస్తూ 1796లో 37 ఏళ్లకి అతను చనిపోయిన ఇల్లు అక్కడుంది, చూడటానికి డబ్బులు అడగరు. అంత్యక్రియల రోజునే భార్య జీన్ మరో బిడ్డను కన్నది. అతను కూర్చున్న గ్లోబ్ ఇన్ ఇప్పటికీ నడుస్తోంది, మేడ మీద కిటికీ అద్దాలపై అతను గీసిన పద్యాలున్నాయి. అతని కుర్చీలో కూర్చుంటే అతని పద్యం ఒకటి చెప్పాలి, లేకపోతే అక్కడున్న అందరికీ డ్రింకులు కొనివ్వాలని ఆనవాయితీ. టెన్షన్‌తోనే ఆల్డ్ లాంగ్ సైన్ నాలుగు పంక్తులు అప్పజెప్పి బయటపడ్డాను. ఊళ్లో గెస్ట్ హౌస్ ఆవిడ మాకోసం వెజిటేరియన్ హాగిస్ (మామూలుగా మాంసంతో చేసే స్కాట్లాండ్ వంటకం) చేసిపెట్టింది. ఓట్స్, పప్పులు, మిరియాల ఘాటు. అన్నం లేని లోటు తెలియలేదు.

స్కాట్ ఇల్లు ఆబట్స్‌ఫర్డ్ వైభవంగా ఉంటుంది. ఎడిన్‌బరో నుంచి ట్వీడ్‌బ్యాంక్ రైలు దిగి నడిచిపోవచ్చు. లైబ్రరీ చూసి కదలబుద్ధి కాదు, మిగతా గదుల్లో కత్తులూ కవచాలే.

ఆ ప్రాంతంలోనే డెన్‌హమ్ అనే పల్లె ఉంది. పచ్చిక మధ్య జాన్ లేడెన్ స్మారకం. స్కాట్‌కి సరిహద్దు జానపద గాథలు సేకరించడంలో సాయం చేసిన ఈ కవి 1803లో వైద్యుడిగా మద్రాసు వచ్చాడు, మన కైఫీయత్తులు (ఊళ్ల స్థానిక చరిత్రలు) సేకరింపజేసిన కోలిన్ మెకంజీ మైసూరు సర్వేలో పనిచేశాడు, 1811లో జావాలో జ్వరంతో పోయాడు. కైఫీయత్తులు చదివినవాళ్లు తప్పకుండా వెళ్లండి. మిగతావాళ్లకి ఆ సమయం ఆబట్స్‌ఫర్డ్‌లోనే గడపడం మేలు. డెన్‌హమ్ వెళ్లేవాళ్లు తిరుగు బస్సు టైము ముందే చూసుకోండి.