లిస్బన్ అశ్వకళా పాఠశాలలో ఉదయపు సాధన

లిస్బన్ నగరానికి పడమటి వైపున, తేజు నది ఒడ్డునున్న బెలెం పేట నుంచి అజూడా గుట్ట మీదికి ఒక వాలు వీధి ఎక్కుతుంది. ఆ వీధిలో హెన్రీక్ కలాదో అనే ఒలింపిక్ రౌతు పేరు పెట్టిన స్వారీ మందిరం ఉంది. పోర్చుగీసు అశ్వకళా పాఠశాల 2015 నుంచి తన సాధనకూ ప్రదర్శనలకూ ఈ మందిరాన్నే వాడుతోంది. సందర్శకులు ఇక్కడ రెండు విధాలుగా గుర్రాలను చూడవచ్చు: ఉదయం పూట జరిగే రోజువారీ సాధనకు తక్కువ ధర టికెట్టు ఉంటుంది, సంగీతంతో, రాజదర్బారు దుస్తులతో జరిగే ప్రదర్శనకు ఎక్కువ ధర టికెట్టు ఉంటుంది. నేను సాధనను రెండు ఉదయాలు, ప్రదర్శనను ఒకసారి చూశాను. ఒక్కదానికే సమయమో డబ్బో ఉన్నవారు సాధనకే వెళ్లాలని నా అభిప్రాయం. సంగీతం తెలిసినవారికి ఈ మాట వెంటనే అర్థమవుతుంది. కచేరీలో విద్వాంసుడు ఒక్కసారి పాడి వదిలేసే సంగతి, ఇంట్లో తెల్లవారుజామున సాధకం చేసేటప్పుడు ఎన్నిసార్లు విరిగి, ఎన్నిసార్లు అతుక్కుంటుందో అక్కడ వినేవారికే తెలుస్తుంది.

మొదటి ఉదయం నేను కూర్చున్న పావుగంట వరకు, చూడదగినదేదీ జరగడం లేదనే అనిపించింది. నలుగురైదుగురు రౌతులు ఒకే ఇసుక నేల మీద ఎవరి పని వారు చేసుకుంటున్నారు. గుర్రాలు పగ్గాలు వదులుగా, మెడలు చాచుకొని నడుస్తున్నాయి. తరువాత ఒక రౌతు తన గుర్రాన్ని గోడ వెంట నడిపిస్తూనే దాని భుజాన్ని కొద్దిగా లోపలికి మళ్లించాడు, నాలుగు అడుగులు వేయించాడు, ఆపాడు, మళ్లీ మొదటికి వచ్చి అదే చేయించాడు. ఏడెనిమిది సార్లు అదే పని జరిగాక, నాకు తేడా కనిపించడం మొదలైంది. మొదటిసారి వెనుక కాలు బయటికి జారింది. ఆరోసారి అదే కాలు పొట్ట కిందికి వచ్చి బరువు మోసింది.

ఈ విద్య అంతా నిజానికి ఆ వెనుక కాలి గురించే. గుర్రం సహజంగా తన బరువులో ఎక్కువ పాలు ముందు కాళ్ల మీద మోస్తుంది, వీపు మీద మనిషి కూర్చుంటే ఆ భారం ఇంకా ముందుకు ఒరుగుతుంది. ఏళ్ల తరబడి వంపులు, పక్క అడుగులు, ఆగడాలు, వెనుకడుగులు చేయించి, ఆ భారాన్ని కొంచెం కొంచెంగా వెనుక కాళ్ల మీదికి జరుపుతారు. అలా జరిగిన గుర్రం వెనుక భాగం కుంగుతుంది, భుజాలు లేస్తాయి, మెడ విల్లులా వంగుతుంది, రౌతు చేతిలోని పగ్గం దాదాపు బరువు లేనిదవుతుంది. అప్పుడే అది ఉన్నచోటనే కదం తొక్కగలదు. పియాఫె అని పిలిచే ఈ కదంలో గుర్రం ముందుకు కదలకుండానే, ఎదురెదురు మూలల్లోని కాళ్లను జంటగా, లెక్క తప్పకుండా ఎత్తి దించుతుంది. మన వాడుకలో ఊరేగింపులకూ ఉద్యమాలకూ అరిగిపోయిన "కదం తొక్కడం" అనే మాట, గుర్రం దగ్గరకు వచ్చేసరికి ఎంత శ్రమతో కూడిన పనో నాకు ఆ ఉదయమే తెలిసింది. ఇదే కదాన్ని ముందుకు సాగిస్తూ, ప్రతి అడుగుకూ ఒక క్షణం గాలిలో నిలిచినట్లు చేస్తే దానిని పాసేజ్ అంటారు.

నన్ను అన్నిటికన్నా ఆకట్టుకున్నది కదం కాదు, కదం తరువాత రౌతు చేసిన పని. గుర్రం నాలుగైదు మంచి అడుగులు వేయగానే ఆయన చెయ్యి కిందికి దించి, పగ్గాలు పూర్తిగా వదులు చేసి, దాని మెడను నిమిరాడు. గుర్రం వెంటనే పరుగు తీయలేదు, కూలబడలేదు. వదులైన పగ్గాలతోనే ఇంకో రెండు అడుగులు తనంతట తాను వేసి, అప్పుడు మాత్రమే నడకలోకి దిగింది. పోర్చుగీసు రౌతులు "లిజెయిరేజా", అంటే తేలికదనం, అని గర్వంగా చెప్పుకునే గుణానికి ఇదే పరీక్ష. పగ్గంతో పట్టి నిలబెట్టిన భంగిమ పగ్గం వదలగానే చెదిరిపోతుంది, గుర్రం తానుగా మోస్తున్న భంగిమ నిలుస్తుంది. ప్రదర్శనలో ఈ ఘట్టం సంగీతంలోనూ చప్పట్లలోనూ కొట్టుకుపోతుంది.

జీను మీద చేసే పని అయ్యాక, రౌతులు నేల మీద నిలబడి చేయించే పని మొదలవుతుంది. రెండు నిలువు స్తంభాల మధ్య గుర్రాన్ని కట్టి కదం నేర్పే పద్ధతి ఐరోపా రాజాస్థానాలలో శతాబ్దాలుగా ఉన్నదే. ఇక్కడ అది ఇంకా రోజువారీ వాడుకలో ఉంది. మరొక రౌతు పొడవాటి పగ్గాలు పట్టుకొని, గుర్రం తోకకు దాదాపు ఆనుకొని నడుస్తూ, మీద ఎవరూ లేకుండానే దానితో పక్క అడుగులన్నీ వేయించాడు. తన్నులకు అందేంత దగ్గరలో, వేగంగా నడిచే గుర్రం వెనుక అడుగు కలుపుతూ మనిషి నడవడం చూస్తే, ఆ ఇద్దరి మధ్య నమ్మకం ఎన్నేళ్లదో అనిపిస్తుంది. చివరగా వచ్చేవి నేలను విడిచే విద్యలు. లెవాద్ అనే భంగిమలో గుర్రం వెనుక కాళ్ల మీద కుంగి, ముందు కాళ్లు ముడిచి, విగ్రహంలా నిలుస్తుంది. కాప్రియోల్‌లో నాలుగు కాళ్లూ నేలను విడిచాక, గాలిలో ఉండగానే వెనుక కాళ్లను బలంగా చాచి తన్నుతుంది. ఇవి ప్రతి గుర్రానికీ రావు. ఏ గుర్రానికి ఏ గెంతు సహజమో గమనించి దానినే పెంచుతారు. వాటిని ప్రతి ఉదయమూ చేయించరు కూడా, కాబట్టి వాటి కోసమే వచ్చేవారు ప్రదర్శన టికెట్టు కొనుక్కోవడమే నయం.

ఇక గుర్రాల గురించి. ఇవన్నీ లూసితానో అనే పోర్చుగీసు గుర్రపు జాతిలోని ఆల్తెర్ రియాల్ శాఖకు చెందిన మగ గుర్రాలు. ఒళ్లు ముదురు ఎర్రగోధుమ రంగులో, జూలూ తోకా కాళ్ల కిందిభాగమూ నల్లగా, ముఖం ముక్కు దగ్గర కొద్దిగా ఉబ్బి ఉంటాయి. పందెపు గుర్రాల పక్కన నిలబెడితే పొట్టిగా, గుండ్రంగా కనిపిస్తాయి, కానీ ముడుచుకొని కదలడానికి కావలసిన శరీరం అదే. లూసితానోలలో తెల్లనివీ బూడిదరంగువీ ఎక్కువగా ఉన్నా, ఈ పాఠశాల ఎర్రగోధుమ రంగుకే కట్టుబడి ఉంది, ఎందుకంటే అది రాజుగారి గుర్రపుశాల రంగు. అయిదవ జువాన్ రాజు కాలంలో, 1748లో, అలెంతేజు ప్రాంతంలోని ఆల్తెర్ దు షావున్ అనే ఊళ్లో ఈ శాఖ పెంపకకేంద్రం మొదలైంది. నెపోలియన్ సేనల దండయాత్రలో మంచి గుర్రాలు పోయాయి. 1910లో రాచరికం రద్దయ్యాక శాఖే అంతరించే స్థితి వచ్చింది. రూయ్ ద్ ఆండ్రాదె అనే పెంపకందారు కొద్దిపాటి మేలు సంతతిని కాపాడకపోయి ఉంటే, నేను చూసిన గుర్రాలలో ఒక్కటీ పుట్టేది కాదు. నగరం నడిబొడ్డున నది ఎదుటి చౌకులో 1775లో నిలిపిన జోసె రాజు కంచు విగ్రహాన్ని మోసే గుర్రం కూడా ఆల్తెర్ సంతతిదేనని చెబుతారు. ముందుగా ఆ విగ్రహాన్ని చూసి, తరువాత ఇక్కడ కదం తొక్కే గుర్రాన్ని చూస్తే, శిల్పి ఏమీ అతిశయించలేదని తెలుస్తుంది.

ఈ విద్య బెలెంలోనే ఉండడం కాకతాళీయం కాదు. 1755 నవంబరు 1న లిస్బన్‌ను కూల్చిన భూకంపం వచ్చినప్పుడు రాజకుటుంబం బెలెంలో ఉండి బతికి బయటపడింది. రాతి కప్పు కింద పడుకోవడానికే భయపడిన జోసె రాజు, ఆ తరువాత అజూడా గుట్ట మీద చెక్కతో కట్టిన నివాసంలో కాలం గడిపాడు. గుట్ట దిగువన 1787లో మొదలైన రాచ స్వారీశాల నేటికీ ఉంది, అయితే 1905లో అమేలియా రాణి దానిని రాజరథాల మ్యూజియంగా మార్చింది. అశ్వవిద్యలో ఆ కాలపు పెద్దదిక్కు మరియాల్వా మార్క్విస్ అనే ప్రభువు. ఆయన పద్ధతిని బొమ్మలతో సహా వివరించే పెద్ద గ్రంథాన్ని 1790లో మనుయెల్ కార్లుష్ ద్ ఆండ్రాదె అచ్చు వేయించాడు. ఈనాటి పాఠశాల జీనూ, కళ్లెమూ, దుస్తులూ ఆ కాలపు తీరునే అనుసరిస్తాయి.

ఆస్థానం పోయాక కూడా విద్య పూర్తిగా చావకపోవడానికి కారణం గుర్రం మీద నుంచి ఎద్దుతో పోరాడే వినోదం. ఆ వినోదం నాకు నచ్చదు, చూడబోను కూడా, కానీ ఈ జీనునూ ఈ వంపులనూ మధ్యకాలంలో బతికించింది అదేనన్న నిజాన్ని దాచలేము. 1979లో గిలెర్మె బోర్బా మరికొందరు రౌతులతో కలిసి పాఠశాలను తిరిగి నిలబెట్టాడు. అది చాలాకాలం నగరం బయట కెలూష్ రాజభవన తోటల్లో నడిచింది. 2012లో సింత్రా ఉద్యానవనాలను చూసే సంస్థ నిర్వహణకు వచ్చింది. పోర్చుగల్ అశ్వకళను 2024 డిసెంబరులో యునెస్కో మానవాళి అవ్యక్త వారసత్వ జాబితాలో చేర్చింది.

ప్రదర్శన గురించి చెడుగా చెప్పడానికి ఏమీ లేదు. ముదురు ఎరుపు కోట్లు, మూడు మూలల టోపీలు, బరోక్ సంగీతం, ఒకే రంగు గుర్రాలు అద్దంలో ప్రతిబింబాల్లా జంటలుగా విడిపోయి కలిసే వరుసలు చూడముచ్చటగా ఉంటాయి. వియన్నాలోని స్పానిష్ స్వారీ పాఠశాలలో ఉండే తెల్లని గోడలూ షాండ్లియర్లూ ఇక్కడ లేవు. ఒకప్పుడు సైన్యం వాడిన మందిరానికి తగ్గట్టు అంతా నిరాడంబరం, నాకు అదే నచ్చింది. కానీ ప్రదర్శనలో తప్పు కనిపించదు, తప్పు కనిపించని చోట నేర్పు కూడా సగమే కనిపిస్తుంది.

తెలుగువారికి పోర్చుగీసు గుర్రం అనగానే విజయనగరం గుర్తుకు రావడం సహజం. 1510లో గోవా చేజిక్కాక పోర్చుగీసువారు గుర్రాల వ్యాపారాన్ని తమ గుప్పెట్లో పెట్టుకున్నారు, కృష్ణదేవరాయలు వారి దగ్గర వేలకొద్దీ కొన్నాడు. ఆ నగరాన్ని వర్ణించిన పోర్చుగీసు యాత్రికుడు నూనిజ్ స్వయంగా గుర్రాల వర్తకుడే. అయితే అవి హొర్ముజ్ మీదుగా ఓడలకెక్కిన అరబ్బీ, పారశీక గుర్రాలు. ఈ లూసితానోలకూ వాటికీ చుట్టరికం కలపకూడదు. అమరకోశం చెప్పిన గుర్రపు అయిదు గతులను, ఆస్కందితం మొదలు ప్లుతం దాకా, చిన్నప్పుడు అర్థం తెలియకుండా వల్లించిన నాకు, గతికీ గతికీ మధ్య ఒక రౌతు ఇంతసేపు పనిచేస్తాడని ఇక్కడే కళ్లారా తెలిసింది.

వెళ్లేవారికి కొన్ని మాటలు. సాధన ఏ రోజుల్లో, ఏ వేళల్లో ఉంటుందో పాఠశాల అధికారిక సైట్‌లోనే చూసుకోండి. నేను మొదట నమ్మిన ఒక పర్యాటక సైటు సాధనను "గుర్రాల షో" అని అమ్మింది. నా పక్కన కూర్చున్న కుటుంబం కూడా అలాగే కొన్నదట. పిల్లలు ఇరవై నిమిషాలకే గెంతులు ఎప్పుడని అడగసాగారు, వారి తప్పేమీ లేదు. ఎనిమిదేళ్లలోపు పిల్లలుంటే ప్రదర్శనకు తీసుకువెళ్లండి. సాధనకు ఒంటరిగానో, మాట్లాడకుండా కూర్చోగలిగిన తోడుతోనో వెళ్లి, కనీసం గంటన్నర ఉండండి, ఒకే గుర్రాన్ని ఎంచుకొని మొదటి నుంచి చివరి వరకు దాని వెనుక కాళ్లనే చూడండి. అందరినీ చూడబోతే ఎవరూ కనిపించరు. ఫ్లాష్ వెలిగించకండి.

నగరం మధ్య నుంచి 15వ నంబరు ట్రామ్ బెలెం చేరుస్తుంది. కైష్ దు సొద్రే స్టేషన్ నుంచి రైలు కూడా ఉంది. ట్రామ్ దిగాక ఎక్కవలసిన వాలు కొద్దిదే అయినా, మోకాళ్ల నొప్పులున్న పెద్దవారిని మాత్రం టాక్సీలో తీసుకువెళ్లడం మంచిది. సాధన ముగిశాక అదే వీధి దిగితే రాజరథాల మ్యూజియం వస్తుంది. రథాలలో ఎక్కువ భాగం ఇప్పుడు 2015లో తెరిచిన కొత్త భవనంలో ఉన్నాయి, కానీ పాత స్వారీశాలను కూడా తప్పక చూడండి, పైనున్న వరండాల నుంచి దర్బారువారు కిందికి చూసిన నేల అదే. మ్యూజియానికి సోమవారం సెలవు.