బాల్‌క్లూతా ఓడ, శాన్ ఫ్రాన్సిస్కో: టికెట్ 15 డాలర్లు, అరచేతిలో బొబ్బ అదనం

నేను విశాఖ పోర్టులో ముప్పై ఒక్క ఏళ్ళు ట్యాలీ క్లర్కుగా, అంటే ఓడ సరుకు లెక్క రాసే గుమాస్తాగా, చేసి రిటైరయినవాణ్ణి. ఓడ చూడ్డానికి డబ్బులిచ్చి టికెట్ కొనడమేంటని మొదట నవ్వాను. "మీరు చూసినలాంటిది కాదు నాన్నా, తెరచాపల ఓడ" అని అమ్మాయి పోరు పెడితే, పదకొండేళ్ళ మనవణ్ణి తీసుకుని హైడ్ స్ట్రీట్ పియర్‌కి వెళ్ళాం. అమెరికా ప్రభుత్వ నేషనల్ పార్క్ సర్వీస్ వాళ్ళది. రేవు చెక్కల మీద ఊరికే నడవచ్చు, ఓడలెక్కాలంటే టికెట్. పదిహేనేళ్ళ వరకు పిల్లలకి ఉచితం. అక్కడ యురేకా అనే పాత ఫెర్రీ, కలప మోసిన సి.ఏ. థేయర్, హెర్క్యులీస్ టగ్గు కూడా ఉన్నాయి. నేను వాటిని పైపైన చూశాను. రోజంతా బాల్‌క్లూతా మీదే గడిచిపోయింది.

1886లో స్కాట్లండ్‌లో కట్టిన మూడు స్తంభాల ఉక్కు ఓడ ఇది. ఇంజను లేదు. మొదటి ప్రయాణంలో కార్డిఫ్ నుంచి 2,650 టన్నుల బొగ్గుతో, దక్షిణ అమెరికా కింది కొస కేప్ హార్న్ చుట్టి, 140 రోజులకి శాన్ ఫ్రాన్సిస్కో చేరిందట. పాత అలవాటు పోదు కదా, వ్యాగన్‌కి అరవై టన్నుల చొప్పున మనసులోనే లెక్క కట్టాను. నలభై నాలుగు వ్యాగన్ల బొగ్గు! దాన్ని గాలి మీద నడిపించిన సిబ్బంది ఇరవై ఆరుగురు. అందులో వంటవాణ్ణీ కెప్టెన్నీ తీసేసి, మిగిలినవాళ్ళని వంతులకి రెండు ముక్కలు చేస్తే, నడిరాత్రి గాలివానలో డెక్కు మీద ఎంతమంది ఉంటారో మీరే చూసుకోండి. పైన ఇరవై అయిదు తెరచాపలు.

ఈ లెక్క తేలాకే ఆ ఓడ నాకు అర్థమవడం మొదలైంది. 1869లో సూయెజ్ కాలవ తెరిచాక తొందర సరుకంతా ఆవిరి ఓడలు ఎత్తుకుపోయాయి. తెరచాపకి మిగిలింది బొగ్గు, గోధుమ లాంటి నిదానం సరుకు. కిరాయిలు పడిపోయాయి. యజమానులు ముందు కోసింది మనుషులనే (ఏ కాలంలోనైనా అంతే లెండి). ఆ లేని మనుషుల పనిని పాట చేసింది, అంటే అందరి బలం ఒకేసారి పడేలా నావికులు పనిలో పాడుకునే పాట.

ఇది నేను చదివి చెప్పడం లేదు. మేం వెళ్ళిన రోజు ఒక పెద్దాయన, వాలంటీరట, పన్నెండు మంది సందర్శకులని డెక్కు మీద వరసగా నిలబెట్టి, కప్పీలోంచి వచ్చిన లావాటి తాడు చేతికిచ్చాడు. దాని చివర ఒక పీపా. మొదట పాట లేకుండా లాగమన్నాడు. తలా ఒక క్షణాన గుంజాం. తాడు చేతుల్లో జారింది గానీ పీపా కాస్త ఊగి ఊరుకుంది. అప్పుడాయన ఒక లైను పాడాడు. ఆ లైను సాగుతున్నంతసేపూ ఎవరూ లాగకూడదు, ఊపిరి తీసుకుని పట్టు సరిచేసుకోవాలి. తర్వాతి లైను అందరిదీ. అందులో రెండు మాటల మీద, ఆ రెండిటి మీదే, ఒంటి బరువంతా వెనక్కి వేసి గుంజాలి. నాలుగో విడతకి పీపా మా తలల మీదుంది. మనవడు "తాతయ్యా, నువ్వు హైలెస్సా అంటున్నావు" అన్నాడు. నాకు తెలీకుండానే నోట్లోంచి వచ్చేసింది. ఆ పెద్దాయన నవ్వి, ఏ మాటైనా ఫరవాలేదు, టైముకి పడితే చాలన్నాడు.

తాడుకి ఒక రకం పాట, లంగరుకి ఇంకో రకం. లంగరెత్తే క్యాప్‌స్టన్ అంటే నిలువు గానుగ అనుకోండి. కర్రలు గుచ్చి, గానుగెద్దుల్లా చుట్టూ తిరగాలి. అక్కడ గుంజే దెబ్బ ఉండదు, నడకే. అందుకని ఆ పాటలు పొడుగు, కథలుంటాయి, అందరూ కలిసి అందుకునే భాగం పెద్దది. మంచి పాటగాడు పది మంది పెట్టు అనేవాళ్ళట. కెప్టెన్‌నీ తిండినీ తిట్టాలన్నా పాటలోనే. మామూలుగా అంటే శిక్ష, పాటలో అంటే పని జరుగుతోంది కదా అని ఊరుకునేవాళ్ళు. మా పోర్టులో లేబర్ గ్యాంగులు సూపర్‌వైజర్ మీద కట్టిన పదాలు గుర్తొచ్చాయి. అవి ఇక్కడ రాయడం బాగుండదు.

ముందు భాగంలో నావికుల గది తప్పకుండా చూడండి. చెక్క అరల్లాంటి పడకలు. గడ్డి పరుపు ఎవడిది వాడే కొనుక్కోవాలి. దానికి వాళ్ళు పెట్టుకున్న పేరు గాడిద ఫలహారం! ఎండు బిస్కెట్లు, ఉప్పు మాంసం, నాలుగు గంటలు పని, నాలుగు గంటలు పడక. ఓడ ఎక్కకముందే ఒక నెల జీతం అడ్వాన్సు, బాకీ కింద పూటకూటి ఇంటివాడి జేబులోకి పోయేది. మనిషికి తాగించి, లేదా తల మీద ఒకటిచ్చి, ఓడకి అప్పజెప్పే వ్యాపారానికి ఈ శాన్ ఫ్రాన్సిస్కోయే పేరుమోసిన రేవు. ఆ మొదటి నెల చాకిరీని వాళ్ళు చచ్చిన గుర్రం అనేవాళ్ళు. నెల తీరిన రోజున గుడ్డతో గుర్రం బొమ్మ కుట్టి, గడ్డి కూరి, పాట పాడుతూ తెరచాప అడ్డకర్ర చివరికి ఎత్తి, సముద్రంలోకి వదిలేసేవాళ్ళు. అప్పు తీరినందుకు ఇంత బాగా పండగ చేసుకున్నవాళ్ళని నేనెక్కడా వినలేదు.

వెనక కెప్టెన్ గదులు వేరే లోకం. 1899లో మన దేశం నుంచి శాన్ ఫ్రాన్సిస్కో వస్తుండగా కెప్టెన్ డర్కీ భార్య ఈ ఓడలోనే ఆడపిల్లని కన్నది. పిల్లకి ఇండా అని పేరు పెట్టారు. మా అమ్మాయి ఆ గది ముందు చాలాసేపు నిలబడింది.

1904లో అలాస్కా దగ్గర ఓడ నేలకి తగిలితే, సామన్ చేపల కంపెనీ 500 డాలర్లకి కొని, స్టార్ ఆఫ్ అలాస్కా అని పేరు మార్చింది. సరుకు ఓడ కాస్తా అలాస్కా చేపల డబ్బాల ఫ్యాక్టరీలకి మనుషుల్ని మోసే కూలీల ఓడ అయింది. డెక్కు కింద చైనా కూలీలు కిక్కిరిసి పడుకున్న చోటు చూస్తే మాట రాదు. జాలర్లకి పైన గదులు పొడిగించారు, వీళ్ళకి కింద. 1930తో ఆ ప్రయాణాలూ ఆగిపోయాయి.

సాయంత్రపు పాటల సభ సంగతి. 1981లో మొదలుపెట్టి ఈ రేవులో నెలకోసారి పాడుతూ వచ్చారు. మేం వెళ్ళినప్పుడు ఉచితం, ముందే పేరు ఇవ్వాల్సి వచ్చింది. వేడి యాపిల్ సైడర్ పోశారు, కప్పు మాత్రం మనదే. స్టేజీ లేదు, మైకు లేదు, ఎవరైనా లేచి మొదలుపెట్టొచ్చు. 2021లో ఫోన్లన్నిట్లో మోగిన న్యూజిలాండ్ తిమింగలాల వేట పాట నిజానికి తాడు లాగే పాట కాదని అక్కడే ఒకాయన మనవడికి చెప్పాడు. వాడి ముఖం వాడిపోయింది.

ఒక్క నష్టం జరిగింది, అది ఓడది కాదు. తిరిగొస్తూ ఏదో బొమ్మల కొట్లో నావికుల పాటల సీడీ కొన్నాను. గిటారు, డ్రమ్ములు, ఉరుకులు పరుగులు. ఆ స్పీడుకి తాడు లాగితే భుజాలు ఊడొస్తాయి. ఆ డబ్బుతో ఇంకో టికెట్ వచ్చేది.

మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళకి కింది అంతస్తు నిచ్చెన మెట్లు కష్టం, నేను వెనక్కి తిరిగి దిగాను. ఎండ చూసి మోసపోకండి, స్వెటర్ వేసుకోండి. పాత ఓడలు కాబట్టి ఏదో ఒకటి మరమ్మతులో ఉంటుంది, బయల్దేరే ముందు పార్కు వెబ్‌సైట్ చూసుకోండి. టికెట్ ఏడు రోజులు చెల్లుతుంది. నేను గురువారం ఒక్కణ్ణే మళ్ళీ వెళ్ళాను, ఈసారి చేతులకి గ్లవుజులతో.