బొటనవేలు ఫోను మీద, చూపు టీవీ మీద

ఫోనులో ఆడే ఆట టీవీలో కనబడుతుందా అని అడిగితే జవాబు ఒక్క ముక్క: కనబడుతుంది. ఆడగలమా అన్నది వేరే ప్రశ్న. టీవీ ఎంత పెద్దది, ఫోను ఎంత ఖరీదైనది అన్న లెక్కలకన్నా, కంటి సాయం లేకుండా మీ బొటనవేలు ఎంత పని చేయగలదన్నదే ఇందులో ముఖ్యం. విజయనగరంలో మా ఇంట్లో ఈ ఏర్పాటు పాతబడి చాలాకాలమైంది. కొత్త మోజు తీరిపోయింది, పనికిరాని వాడకాలు వాటంతట అవే రాలిపోయాయి. ఇక మిగిలినదాని గురించే ఈ సమీక్ష.

టీవీ 43 అంగుళాలది, మామూలు స్మార్ట్ టీవీ. ఫోన్లు రెండు. నేను రోజూ వాడేది పదిహేను వేల లోపుది. రెండోది 2019లో వచ్చిన శామ్‌సంగ్ గెలాక్సీ ఎస్10. బావమరిది కొత్తది కొనుక్కున్నాక మా ఇంటికి చేరింది. వెనక గాజు ఒక మూల పగిలింది, బ్యాటరీ మధ్యాహ్నానికే నీరసపడుతుంది. అయినా టీవీకి తగిలించేది దాన్నే. దాని ఛార్జింగ్ పోర్టులోంచి బొమ్మ బయటికి వస్తుంది, నా కొత్త ఫోనులోంచి రాదు.

టైప్-సి పోర్టులన్నీ పైకి ఒక్కలాగే ఉంటాయి. డిస్‌ప్లేపోర్ట్ ఆల్ట్ మోడ్ అనే సదుపాయం ఉన్న పోర్టుకు హెచ్‌డీఎంఐ అడాప్టర్ పెడితేనే తెర మీది బొమ్మ ఉన్నదున్నట్టు టీవీకి వెళ్తుంది. తక్కువ ధర ఫోన్లలో చాలావాటికి అది ఉండదు. ఫోను వివరాల్లో యూఎస్‌బీ 2.0 అని కనబడితే దాదాపుగా ఆశ వదులుకోవచ్చు, 3.1, 3.2 అని ఉంటే ఆశ ఉంది, హామీ లేదు. ఐఫోన్లలో 2023లో వచ్చిన 15 నుంచి టైప్-సి ద్వారానే పని జరుగుతుంది, అంతకుముందు వాటికి లైట్నింగ్ అడాప్టర్ వేరే కొనాలి.

గంటస్తంభం చుట్టుపక్కల సెల్ దుకాణాల్లో అడాప్టర్ అడిగితే "అన్ని ఫోన్లకూ పడుతుందండీ" అంటారు. అబద్ధం కాదు, పోర్టులో చక్కగా పడుతుంది. బొమ్మే రాదు. దుకాణంలో టీవీ ఉంటే అక్కడికక్కడే మీ ఫోనుకు తగిలించి చూపించమనండి, మొహమాటపడకండి. యాప్ వేసుకుంటే ఏ ఫోనుకైనా పనిచేస్తుందని అమ్మే కేబుళ్లు కూడా ఉన్నాయి. అవి తెరను వీడియోగా కుదించి పంపుతాయి, కాబట్టి తీగ ఉన్నా, కింద చెప్పబోయే వైర్‌లెస్ జబ్బులన్నీ వాటికీ ఉంటాయి. ఇంకో సంగతి: అడాప్టర్ పెట్టె మీద 4కె అని పెద్ద అక్షరాలుంటాయి, దాని పక్కన చిన్నగా 30 హెర్ట్జ్ అని ఉంటుంది, అంటే సెకనుకు 30 బొమ్మలే (ఫ్రేములే). ఆటకు సెకనుకు 60 ఫ్రేములు కావాలి. 1080పీలో 60 ఇచ్చేది, 4కెలో 30 ఇచ్చేదానికన్నా ఎంతో నయం.

ఇక వైర్‌లెస్. మిరాకాస్ట్ అనే పద్ధతిని 2012లో వై-ఫై అలయన్స్ తెచ్చింది. శామ్‌సంగ్ ఫోన్లలో స్మార్ట్ వ్యూ అనీ, మిగతావాటిలో క్యాస్ట్ అనీ, వైర్‌లెస్ డిస్‌ప్లే అనీ రకరకాల పేర్లతో కనబడుతుంది. ఫోను నేరుగా టీవీతోనే మాట్లాడుకుంటుంది కనుక దీనికి ఇంటర్నెట్టు అక్కరలేదు, రూటరు కూడా అక్కరలేదు. ఖర్చు సున్నా. పెళ్లి ఫొటోలు చూపించడానికి ఇంతకన్నా సుఖమైన మార్గం లేదు. ఆట దగ్గరికి వచ్చేసరికే కథ మారుతుంది. ఫోను తన తెరను వీడియోగా కుదించాలి, గాలిలోకి పంపాలి, టీవీ దాన్ని అందుకుని విప్పాలి, ఆపైన చూపించాలి. 60 ఫ్రేముల ఆటలో ఒక్కో ఫ్రేము తెర మీద ఉండేది 16.7 మిల్లీసెకన్లు. వైర్‌లెస్‌లో ఆలస్యం నూరు మిల్లీసెకన్లు దాటడం మామూలే. అంటే టీవీ ఎప్పుడూ ఆరు ఫ్రేములో అంతకు మించో వెనకే ఉంటుంది.

సబ్‌వే సర్ఫర్స్‌లో ఇది కళ్లకు కట్టినట్టు తెలుస్తుంది. ఎదురుగా రైలు వస్తోంది. టీవీలో అది ఇంకా కాస్త దూరంలోనే ఉంది. సరిగ్గా సమయం చూసుకుని వేలు పైకి గీస్తారు. చేతిలోని ఫోనులో అప్పటికే కుర్రవాడు రైలుకు గుద్దుకుని పడి ఉంటాడు. టీవీలో మాత్రం ఏమీ ఎరగనట్టు ఇంకో రెండడుగులు పరిగెత్తి, అప్పుడు పడతాడు. చచ్చిపోయిన ఆటను కాసేపు బతికున్నట్టు చూడటంలో ఒక వింత వినోదం ఉంది, పిల్లలు దానికే పడి పడి నవ్వుతారు. గెలవాలనుకునేవాళ్లకు మాత్రం ఒళ్లు మండుతుంది.

క్రికెట్ ఆటల్లో అయితే మరీ అన్యాయం. చెన్నైకి చెందిన నెక్స్ట్‌వేవ్ వాళ్ల వరల్డ్ క్రికెట్ ఛాంపియన్‌షిప్ మా ఇంట్లో బాగా ఆడతారు. బ్యాటింగంటే బంతిని చూసి సరైన క్షణంలో నొక్కడమే కదా, ఆ క్షణాన్నే వైర్‌లెస్ మింగేస్తుంది. 1936లో ఇంగ్లండు వెళ్లిన భారత జట్టుకు కెప్టెన్ మా విజయనగరం రాజకుటుంబానికి చెందిన విజ్జీ. ఆయన ఆడిన మూడు టెస్టుల్లోనూ కలిపి చేసినవి 33 పరుగులు. వైర్‌లెస్‌లో ఆడినప్పుడు మా పిల్లలందరూ ఆయన వారసులే.

కేబుల్ తగిలిస్తే ఈ ఆలస్యం దాదాపు పోతుంది. టీవీ సెట్టింగుల్లో గేమ్ మోడ్ పెడితే ఇంకాస్త తగ్గుతుంది, ఎందుకంటే బొమ్మకు నునుపు పెట్టే సొంత హంగులన్నీ టీవీ అప్పుడు పక్కన పెడుతుంది. అంచులు తెగినట్టు కనబడితే బొమ్మ పరిమాణాన్ని స్క్రీన్ ఫిట్‌కు మార్చాలి. అక్కడితో యంత్రాల వైపు నుంచి చేయగలిగింది అయిపోయింది. అసలు చిక్కు ఆ తర్వాత మొదలవుతుంది, దానికి ఏ కేబులూ మందు కాదు.

ఫోను తెర మీది మీటలకు ఎత్తు లేదు, అంచు లేదు. అవి వేలికి తగలవు, కంటికే కనబడతాయి. ఫోనులో ఆడుతున్నంతసేపూ మనకు తెలియకుండానే ఒక కంట వాటిని కనిపెడుతూనే ఉంటాం. చూపు టీవీ మీదికి వెళ్లగానే బొటనవేలు, కరెంటు పోయిన గదిలో స్విచ్చు కోసం గోడ తడిమే చెయ్యి అయిపోతుంది. బీజీఎంఐ లాంటి తుపాకుల ఆటనే తీసుకోండి. కాల్చే మీట, ఎగిరే మీట, వంగే మీట, తూటాలు నింపే మీట అన్నీ కుడివైపు ఒకదాని పక్కన ఒకటి ఉంటాయి. కాసేపటికి బొటనవేలు అరంగుళం జరుగుతుంది. శత్రువు ఎదురైనప్పుడు కాల్చబోతే మనవాడు గెంతుతాడు. చూపు దించి వేలు సరిచేసుకుని మళ్లీ తల ఎత్తేలోపు ఆట ముగుస్తుంది. రోజుల తరబడి సాధన చేస్తే అలవాటవుతుందని కొందరు అంటారు. నాకు కాలేదు, నాకన్నా చురుకైన వేళ్లున్న మా మేనల్లుడికీ కాలేదు.

మేనల్లుడు దీనికి తన దారి తను వెతుక్కున్నాడు. కేబుల్ తగిలిస్తాడు, ఫోను వైపే చూసి ఆడతాడు. టీవీ వైపు తల కూడా తిప్పడు. టీవీ చూసేది చుట్టూ చేరిన వాళ్లు. ఇంతకుముందు ఒక్క ఫోను మీద నాలుగు తలలు వాలి వెలుతురుకు అడ్డుపడేవి, ఇప్పుడు అందరూ వెనక్కి జారబడి కూర్చుని సలహాలిస్తున్నారు. "మావయ్యా, వీళ్లను ఊరుకోమనండి" అని వాడు, "ఆ మిద్దె మీద ఎవడో ఉన్నాడ్రా" అని వీళ్లు. ఫోను ఆటకు టీవీ తెచ్చిపెట్టేది ప్రధానంగా ప్రేక్షకులనే, ఆడేవాడికి ఒరిగేది తక్కువ అని నేను గట్టిగా అనేది అందుకే.

అయితే వేలు ఎక్కడుందో తెలియాల్సిన అవసరమే లేని ఆటలున్నాయి. వాటికి టీవీ నిజంగా పండగే. తెర మీద ఎక్కడ గీసినా సరిపోయేవి, ఎడమ సగం బ్రేకు, కుడి సగం యాక్సిలరేటరు అన్నట్టుండే హిల్ క్లైంబ్ రేసింగ్ లాంటివి ఈ కోవలోకి వస్తాయి. అన్నిటికన్నా మేలైనవి ఫోనును వంచి నడిపే కార్ల పందేలు. ఆస్ఫాల్ట్‌లో టిల్ట్ పద్ధతి పెట్టుకుని, ఫోనును స్టీరింగులా పట్టుకుని, చూపు పూర్తిగా టీవీ మీద ఉంచి ఆడితే ఆ మలుపుల్లో ఒళ్లు కూడా వంగిపోతుంది. ఒక్క జాగ్రత్త, ఊపులో కేబుల్ పోర్టును లాగేస్తుంది. ఫోనుకు జానెడు పొడవుండే మెత్తటి అడాప్టర్, అక్కడినుంచి టీవీకి పొడవాటి హెచ్‌డీఎంఐ కేబుల్ వాడితే ఆ బరువు పోర్టు మీద పడదు.

రెండు చేతుల్లో పట్టుకుని ఆడే, నిజం మీటలుండే బ్లూటూత్ గేమ్‌ప్యాడ్ కొంటే వేళ్ల సమస్య పూర్తిగా తీరుతుంది, ఆ మీటలు వేలికి తగులుతాయి కనుక. గేమ్‌ప్యాడ్‌ను జత చేయాల్సింది ఫోనుకు, టీవీకి కాదు. ఫోనును టీవీ పక్కనే బల్ల మీద వదిలేసి, దూరంగా కుర్చీలో కూర్చోవచ్చు. కార్ల ఆటలు, కాల్ ఆఫ్ డ్యూటీ మొబైల్ దీన్ని ఒప్పుకుంటాయి. బీజీఎంఐ అధికారికంగా ఒప్పుకోదు. మధ్యలో వేరే యాప్ పెట్టి మోసగించబోతే ఖాతాకే ఎసరు. వైర్‌లెస్ తెర, బ్లూటూత్ గేమ్‌ప్యాడ్ రెండూ కలిపి వాడాలనుకునేవాళ్లకు ఒక మాట: బ్లూటూత్ నడిచేది 2.4 గిగాహెర్ట్జ్‌లో, చాలా టీవీల వై-ఫై కూడా అందులోనే. రెండూ ఒకే దారిలో పడి బొమ్మ ఆగి ఆగి వస్తుంది.

నిలువు ఆటల సంగతి వేరు. టీవీ వెడల్పు దాదాపు 95 సెంటీమీటర్లు, ఎత్తు 53. ఫోనును నిలువుగా పట్టుకుని ఆడే లూడో కింగ్ తెరిస్తే, ఇటూ అటూ అంతా నలుపే, నడుమ 25 సెంటీమీటర్ల పట్టీలో ఆట. ఇంత టీవీలో ఆ కాస్తా అని మొదట చూసినవాళ్లు పెదవి విరుస్తారు. కానీ మా ఇంట్లో అన్నిటికన్నా ఎక్కువ ఆడేది దాన్నే. శుక్లాల ఆపరేషన్ అయిన మా అమ్మకు ఫోనులో పావుల రంగులు తెలిసేవి కావు. టీవీలో దివాను మీంచే తెలుస్తున్నాయి. ఆవిడ అష్టాచెమ్మా ఆడి పెరిగిన మనిషి, ఏ పావు నడపాలో క్షణంలో చెప్పేస్తుంది, నొక్కేది మనవడు. పాచిక మీద మాత్రం నమ్మకం లేదు. "గవ్వలైతే నా చేతిలో ఉంటాయి. ఇది నీ మాటే వింటోందిరా" అంటుంది, వాడికి ఆరు పడిన ప్రతిసారీ. ఇలాంటి ఆటలకు వైర్‌లెస్ ధారాళంగా సరిపోతుంది, ఆలస్యం ఎవరికీ పట్టదు. చదరంగానికీ అంతే.

దసరా వెళ్లాక వచ్చే మంగళవారం పైడితల్లమ్మవారి సిరిమానోత్సవం. ముందురోజు తొలేళ్లకే చుట్టాలు దిగుతారు, ఇల్లు నిండిపోతుంది, టీవీకి తీరిక ఉండదు. అలాంటి ఒక రాత్రి బావమరిది తన ఫోను తగిలించాడు. ఆట మంచి పట్టు మీద ఉండగా లూడో బల్ల నెత్తిన ఒక సందేశం వచ్చి కూర్చుంది: బంగారం రుణం వడ్డీ గడువు ఫలానా తేదీ. మా అత్తగారికి తెలుగు సందేశాలు చదవడం బాగా వచ్చు. "ఏ బంగారంరా అది?" అన్నారు. ఆట అక్కడితో ఆగిపోయింది, విచారణ మాత్రం భోజనాల దాకా నడిచింది. ఫోను తెర మీద ఏది వస్తే అది టీవీలోనూ వస్తుంది: ఓటీపీలు, బ్యాంకు నిల్వలు, వాట్సాప్ కబుర్లు అన్నీ. డు నాట్ డిస్టర్బ్ పెట్టనిదే ఎవరి ఫోనూ టీవీకి తగిలించకూడదు. ఆటల మధ్య వచ్చే ప్రకటనల మోత కూడా టీవీ స్పీకర్లలోంచే వస్తుంది, రిమోట్ చేతిలో ఉంచుకోండి.

వేడి ఇంకో బాధ. ఆట, బొమ్మ పంపడం, ఛార్జింగ్ మూడూ ఒకేసారి అంటే మే నెలలో ఫోను పట్టుకోలేనంతగా కాలుతుంది. వేడెక్కిన ఫోను తన వేగం తనే తగ్గించుకుంటుంది, ఆట తడబడటం మొదలవుతుంది. కవరు తీసేసి ఫ్యాను కింద పెట్టడమే మాకు తెలిసిన వైద్యం. ఛార్జింగ్ పోర్టు కూడా ఉన్న అడాప్టర్‌కు కాస్త ఎక్కువైనా పెట్టండి, లేకపోతే పాత బ్యాటరీతో ఆట సగంలో ముగుస్తుంది. కరెంటు పోయినప్పుడు మాత్రం ఈ ఏర్పాటుకు ఒక సుగుణం ఉంది: టీవీ ఆరిపోతుంది, ఆట ఫోనులో నడుస్తూనే ఉంటుంది.

నేరుగా టీవీలోనే వేసుకునే ఆటలు కూడా ఉన్నాయి కదా అంటే, ఉన్నాయి. మా టీవీలో ఖాళీ చోటు తక్కువ, ప్రాసెసర్ నీరసం. రెండు ఆటలు వేసి తీసేశాం.

ఇంట్లో ఇద్దరు పిల్లలుంటే రెండో గేమ్‌ప్యాడ్ కూడా కొనమని గొడవ తప్పదు, మా ఇంట్లో జరుగుతూనే ఉంది. ఫోను ఆటల్లో చాలావాటికి ఒకే ఫోను మీద రెండు గేమ్‌ప్యాడ్లతో ఇద్దరు పోటీపడే వీలు ఉండదు. మీ పిల్లలు ఆడే ఆటలో అది ఉందో లేదో ముందు చూడండి. లేకపోతే ఆ డబ్బు మంచి అడాప్టర్ మీద పెట్టండి, గేమ్‌ప్యాడ్‌ను వంతులవారీగా ఆడుకోమనండి.