చెరకు పిప్పి ప్లేట్లు: సాంబారుకి ఓకే, రసానికి కాదు

బెంగళూరు మారతహళ్లిలో మా వెనక సందులో ఉన్న పేపర్ ప్లేట్ల షాపులో, పాప పుట్టినరోజుకి చెరకు పిప్పి ప్లేట్లు కొన్నాను. 50 ప్లేట్లు 350 రూపాయలు. థర్మకోల్ వాటికంటే ఖరీదే.

పులిహోర, గారెలు, సాంబారన్నం అన్నీ వడ్డించినా ప్లేటు వంగలేదు. వాటితో పాటు కొన్న పిప్పి గిన్నెలు మాత్రం దండగ. వేడి రసం పోసిన పావుగంటకే అడుగు మెత్తబడి మా అత్తగారి పట్టుచీర మీద కారింది. మర్నాడు వెళ్లి అడిగితే షాపాయన (మన తెలుగాయనే) "రసం ఎవరు పోయమన్నారు సార్?" అన్నాడు. గిన్నెలో రసం కాక ఇంకేం పోస్తారు?

నాన్న చిత్తూరు వైపు ఒక చక్కెర ఫ్యాక్టరీలో బాయిలర్ దగ్గర పనిచేశారు. ప్లేటుని వెలుతురుకి పట్టి చూసి, "దీన్ని మేం పొయ్యిలో వేసేవాళ్లం రా" అన్నారు. టన్ను చెరకు ఆడితే దాదాపు 300 కిలోల పిప్పి వస్తుంది. మిల్లు నుంచి వచ్చేసరికి అందులో సగం తడే, అయినా మండుతుంది. ఆ మంటతో ఆవిరి, ఆవిరితో టర్బైన్, దాంతో కరెంటు. టర్బైన్ తిప్పి బయటికొచ్చిన ఆవిరినీ వదలరు, దాంతోనే చెరకు రసం కాస్తారు. ఫ్యాక్టరీ వాడుకోగా మిగిలిన కరెంటు గ్రిడ్‌కి అమ్ముతారు. పిప్పి మరీ తడిగా వస్తే ఆవిరి ప్రెషర్ పడిపోయి షిఫ్టంతా ఒకటే టెన్షనట.

ప్లేట్లు మళ్లీ కొంటాను. గిన్నెలకి ఇంట్లో స్టీలువే. మిగిలిపోయిన వాటిలో మా ఆవిడ మట్టి పోసి మెంతులు చల్లింది, మొలకలొచ్చాయి.