కోటా ఫ్యాక్టరీ: గది తాళం పిల్లల చేతిలో ఉన్న హాస్టలు

కోటా ఫ్యాక్టరీ అని, ఐఐటీ కోచింగ్ పిల్లల మీద తీసిన హిందీ వెబ్ సీరియల్ ఒకటుంది. మూడు సీజన్లూ చూడటం అయిపోయింది కాబట్టి తీర్పు ముందే చెప్పేస్తాను. మొదటి సీజన్ తప్పకుండా చూడండి. ఇంట్లో ఇంటర్ చదివే పిల్లలుంటే రెండోది వాళ్ళ పక్కన కూర్చుని చూడండి. మూడోది ఓపిక ఉంటే చూడండి, లేకపోతే మానేయండి, పెద్దగా పోయేదేమీ లేదు. సీజన్‌కి ఐదేసి ఎపిసోడ్లు. మొదటిది దాన్ని తీసిన టీవీఎఫ్ సంస్థ వాళ్ళు 2019లో యూట్యూబ్‌లో వదిలారు. 2021లో వచ్చిన రెండోది, 2024లో వచ్చిన మూడోది నెట్‌ఫ్లిక్స్‌లో ఉన్నాయి. నేను హిందీలోనే చూశాను. చిన్నప్పుడు మా నాన్న చెవి మెలిపెట్టి రాయించిన హిందీ ప్రచార సభ పరీక్షలు ఇన్నేళ్ళకి ఇలా అక్కరకొచ్చాయి.

అమలాపురంలో నల్ల వంతెన దగ్గర నాకో జిరాక్స్, నెట్ సెంటర్ ఉంది. ఎన్ఐటీల్లాంటి ఇంజినీరింగ్ కాలేజీల సీట్ల కోసం రాసే జేఈఈ మెయిన్ పరీక్ష జనవరిలో ఒకసారి, ఏప్రిల్‌లో ఒకసారి పెడతారు. ఆ రోజుల్లో షాపు కిటకిటలాడిపోతుంది. ముందు హాల్ టికెట్లు, ఆ తర్వాత వాళ్ళు పెట్టిన జవాబులుండే రెస్పాన్స్ షీట్లు. పిల్లలు కీ ప్రింటు తీయించుకుని మా బెంచీ మీదే కూర్చుంటారు. రైటుకి నాలుగు కలుపుకుంటూ, తప్పుకి ఒకటి తీసేసుకుంటూ పెన్నుతో టిక్కులు పెడుతుంటే, పక్కన నిలబడ్డ తండ్రి వాడి మొహం చూస్తాడు గానీ కాగితం చూడడు. రిజల్ట్ వచ్చిన రోజు ఇంకో గొడవ. "తొంభై తొమ్మిది వచ్చిందంటమ్మా, ఇంక సీటు వచ్చేసినట్టేనాండి?" అని అడుగుతారు. పది లక్షల మంది రాస్తే తొంభై తొమ్మిది పర్సంటైల్ అంటే మీ అబ్బాయి ముందు ఇంకో పదివేల మంది దాకా ఉన్నట్టండి అని చెప్పడం ఎంత కష్టమో చెప్పేవాళ్ళకే తెలుస్తుంది. అందుకని ఈ సీరియల్లో పరీక్షల టెన్షన్ ఎక్కడ నిజమో, ఎక్కడ మసాలానో నాకు కొంచెం దొరికిపోతుంది.

కథ చిన్నదే. వైభవ్ పాండే అనే కుర్రాడిది ఇటార్సీ. మనవాళ్ళకి ఆ పేరు కొత్తేం కాదు, విజయవాడలో ఢిల్లీ రైలెక్కితే నాగ్‌పూర్ దాటాక వచ్చే జంక్షన్ అదే. ఐఐటీ కోసం వాడు రాజస్థాన్‌లోని కోటా వస్తాడు. అందరికన్నా ఆలస్యంగా రావడంతో కోచింగ్‌లో ఏ10 అనే వెనకబడ్డ బ్యాచ్‌లో వేస్తారు. అక్కడ మీనా, ఉదయ్ అని స్నేహితులైన ఇద్దరు కుర్రాళ్ళు, వర్తిక అనే అమ్మాయి, ఫిజిక్స్ చెప్పే జీతూ భయ్యా. ఇంక మిగతాదంతా బ్యాచ్ మారడం, మెస్సు మారడం, ఇన్‌ఆర్గానిక్ కెమిస్ట్రీ తలకెక్కకపోవడం. హత్యల్లేవు, విలన్ లేడు, ప్రేమ కూడా నోట్సు ఇచ్చి పుచ్చుకోవడం దాటి పెద్దగా ముందుకి నడవదు. అయినా ఎపిసోడ్ మధ్యలో లేవబుద్ధి కాదు.

బొమ్మ దాదాపు అంతా నలుపు తెలుపే. మొదట నాకు టీవీలో ఏదో తేడా వచ్చిందనిపించింది గానీ, పది నిమిషాల తర్వాత రంగుల సంగతే గుర్తురాలేదు. ఒకే రకం కట్టడాలు, ఒకే రకం బ్యాగులు, గోడల నిండా టాపర్ల ఫొటోల హోర్డింగులు. రంగుల్లో చూపిస్తే కళ్ళు ఆ హోర్డింగుల మీదకే పోయేవి. పేరులో ఫ్యాక్టరీ ఊరికే పెట్టలేదు. కోటా ఒకప్పుడు నిజంగానే ఫ్యాక్టరీల ఊరు. జేకే సింథటిక్స్‌లో ఇంజినీరుగా పనిచేసిన వి.కె. బన్సల్ 1980ల్లో ఇంట్లోనే ట్యూషన్లు మొదలుపెట్టారు. 1990ల చివర్లో ఆ ఫ్యాక్టరీ మూతబడింది, ట్యూషన్లు మాత్రం ఊరంతా అల్లుకుపోయాయి.

ఇప్పుడు అసలు సంగతికొస్తాను. మా తోటికోడలి కొడుకు విజయవాడ వైపు ఓ కార్పొరేట్ కాలేజీ హాస్టల్లో ఉంటాడు. సంక్రాంతికి మూడు రోజులు పంపిస్తే ఇంటికొచ్చాడు. జనవరి చివర్లో మెయిన్ ఉంది కదా, అందుకని ఆ మూడు రోజులు కూడా ఏదో దయతలచి ఇచ్చినట్టే ఇచ్చారు. కనుమ నాడు జగ్గన్నతోట ప్రభల తీర్థానికి ఇంటిల్లిపాదీ వెళ్తే వాడు రానన్నాడు, నిద్రపోతానన్నాడు. సాయంత్రం మా ఇంట్లో ఈ సీరియల్ నడుస్తుంటే వచ్చి కూర్చున్నాడు. కాసేపు చూసి, "పిన్నీ, వీళ్ళ గది తాళం వీళ్ళ దగ్గరే ఉంటుందా?" అన్నాడు.

ఆ ఒక్క ప్రశ్నతో నేను చూస్తున్న సీరియల్ మారిపోయింది. కోటాలో కోచింగ్ వేరు, పేరుకి ఓ స్కూలు వేరు, పిల్లలు అద్దెకుండే పీజీ గది వేరు. క్లాసయ్యాక రోడ్డు మీదకొస్తారు. టీ తాగుతారు, బండి మీద తిరుగుతారు, రాత్రిపూట జీతూ భయ్యా ఇంటికెళ్ళి మంచం మీద కూర్చుని ఏడుస్తారు. చేతిలో ఫోన్ ఉంటుంది. మన దగ్గర ఇంటర్ కాలేజీ, కోచింగ్, హాస్టల్ మూడూ ఒకే కాంపౌండ్ గోడ లోపల. తెల్లారకుండానే స్టడీ అవర్, రాత్రి పది దాకా మళ్ళీ స్టడీ అవర్, వారానికోసారి వార్డెన్ ఫోన్‌లో ఐదు నిమిషాలు ఇంటికి మాట్లాడటం. ఉత్తరాది వాళ్ళు అయ్యో పిల్లలు ఎంత నలిగిపోతున్నారో అనుకుంటూ చూసిన సీరియల్‌ని మావాడు టూర్ వీడియో చూసినట్టు చూశాడు. మాస్టారి ఇంటికి పిల్లలు నేరుగా వెళ్ళిపోవడం వాడు నమ్మలేదు. "మా ఫిజిక్స్ సార్ ఏ ఊరో కూడా మాకు తెలీదు. దసరా తర్వాత వేరే క్యాంపస్‌కి మార్చేశారు" అన్నాడు.

ఆ ముక్క మనసులో పెట్టుకుని చూస్తే జీతూ భయ్యా పాత్ర వేరేలా కనిపిస్తుంది. జితేంద్ర కుమార్ చాలా బాగా చేశాడు, అందులో మాటే లేదు. స్వయంగా ఐఐటీ ఖరగ్‌పూర్‌లో సివిల్ ఇంజినీరింగ్ చదివినవాడు కాబట్టి చాక్‌పీసు పట్టుకోవడంలో నటన కనిపించదు. ఇరవయ్యొక్క రోజులు ఇష్టం లేకపోయినా కూర్చుని చదివితే అలవాటైపోతుందని ఇన్‌ఆర్గానిక్ గురించి చెప్పే సీను మా అమ్మాయి రెండుసార్లు వెనక్కి తిప్పి చూసింది. తనది ఇంటర్ ఫస్టియర్ ఎంపీసీ, ఊళ్ళోనే కాలేజీ. కానీ ప్రతి పిల్లాడి కష్టానికీ ఈయనొక్కడే మందు. తిండి బాగోలేదన్నా, ప్రేమ అన్నా, భయం అన్నా భయ్యా దగ్గరికే. అలాంటి మాస్టారు దొరికితే ఫ్యాక్టరీ అయినా పరవాలేదనిపించేలా తీశారు. దొరకని పిల్లల సంగతేంటి? రెండో సీజన్ చివర్లో ఆ ప్రశ్న సీరియలే వేసుకుంటుంది, అదీ చాలా గట్టిగా. ఏం జరుగుతుందో చెప్పను గానీ, అంతవరకూ అందరికీ ధైర్యం చెప్పినాయన చేష్టలుడిగి నిలబడిపోతాడు. మొత్తం మూడు సీజన్లలో నాకు అన్నిటికన్నా నిజాయితీగా అనిపించింది అదే.

రెండో సీజన్లోనే వైభవ్‌కి పచ్చకామెర్లు వస్తాయి. ఇంటినుంచి వాళ్ళమ్మ వచ్చి దగ్గరుండి చూసుకుంటుంది. మొదటి సీజన్ నుంచీ మెస్సు కూరలో నీళ్ళని చూపిస్తూ వచ్చారు కాబట్టి ఈ జబ్బు ఊడిపడినట్టు ఉండదు. అమ్మ వచ్చాక వాడు మళ్ళీ చిన్నపిల్లాడైపోవడం, తనకి నయమవుతున్నకొద్దీ ఆవిడ ఎప్పుడు వెళ్ళిపోతుందో అని లోపల బెంగపడటం చూస్తుంటే మాకు విజిటింగ్ ఆదివారాలు గుర్తొచ్చాయి. అమలాపురానికి రైలు లేదు కదా, తెల్లవారుజాము బస్సుకి క్యారేజీలు పట్టుకుని బయల్దేరతారు. హాస్టల్ బయట చెట్టు కింద దుప్పటి పరిచి, చికెన్ కూరా పూతరేకులూ తినిపించి, సున్నుండల డబ్బా చేతికిచ్చి వచ్చేస్తారు. తిరుగు బస్సులో ఒక్కరూ మాట్లాడరని మా తోటికోడలు అంటుంది.

పిల్లల్లో నా ఓటు మీనాకే. రంజన్ రాజ్ చేశాడు. లెక్కలంటే ప్రాణం, లోకజ్ఞానం సున్నా. ఉదయ్‌గా చేసిన ఆలం ఖాన్‌ది అచ్చం మా గోదావరి వెటకారం. వాడి మాటలకి తెలుగు యాస పెడితే రాజోలు బస్టాండులో ఎక్కడైనా కనబడతాడు. వైభవ్‌గా మయూర్ మోరే బాగానే చేశాడు గానీ ఆ పాత్ర మీద నాకు కొంచెం కోపం. స్వార్థం ఎక్కువ, తన బ్యాచ్ తనకి దక్కితే చాలు. అయితే అలా రాయడమే సరైనదేమో. పదహారేళ్ళ పిల్లల్ని బ్యాచ్‌లవారీగా చీల్చి కూర్చోబెడితే స్వార్థం కాక ఇంకేం నేర్చుకుంటారు?

అమ్మాయిల విషయంలో మాత్రం అన్యాయం చేశారు. వర్తిక, శివాంగి, మీనల్ ముగ్గురూ చురుకైనవాళ్ళే. శివాంగి నోరు తెరిస్తే ఉదయ్ కూడా తగ్గాల్సిందే. కానీ అబ్బాయిల గదులు, వాళ్ళ బెంగలు, వాళ్ళ ఇళ్ళ సంగతులు మనకి దొరికినంతగా అమ్మాయిలవి దొరకవు. ఆడపిల్లని అంత దూరం పంపేముందు ఇంట్లో ఎన్ని రాత్రులు మాటా మాటా అనుకుంటారో, అది ఎక్కడా రాలేదు. "వర్తిక ఎప్పుడు చదువుకుంటుందమ్మా? ఎప్పుడు చూసినా ఆ వైభవ్ ఫోన్ చేస్తే ఎత్తడానికే ఉంది" అని మా అమ్మాయి విసుక్కుంది.

ఇంకో సంగతికి నవ్వొచ్చింది. కోచింగ్ వ్యాపారం మీద ఇన్ని ప్రశ్నలు వేసే మొదటి సీజన్‌కి స్పాన్సరు అన్‌అకాడమీ. ఆన్‌లైన్ కోచింగ్ యాప్. కథ మధ్యలో దాని ప్రకటన దాపరికం లేకుండానే దూరిపోతుంది. యూట్యూబ్‌లో ఉచితంగా ఇచ్చారు, డబ్బు ఎక్కడినుంచో రావాలి కదా అని సరిపెట్టుకోవచ్చు.

మూడో సీజన్లో దర్శకుడు మారాడు. మొదటి రెండూ రాఘవ్ సుబ్బు తీస్తే ఇది ప్రతీశ్ మెహతా తీశాడు. తిలోత్తమా షోమ్ కెమిస్ట్రీ టీచరుగా కొత్తగా వచ్చింది. జీతూ భయ్యా మాటల హోరు తర్వాత ఆవిడ నెమ్మది హాయిగా ఉంటుంది. కానీ కథ సాగదు. గెలుపు కోసం తయారవడం కాదు, తయారవడమే గెలుపు అన్న అర్థం వచ్చే డైలాగ్ ఒకటి ట్రైలర్లో బాగా తిరిగింది. వినడానికి బావుంది. కొబ్బరితోట లీజుకిచ్చి ఫీజు కట్టిన తండ్రికి మా షాపులో నిలబెట్టి ఈ మాట చెప్పగలరా అని మాత్రం నాకు అనుమానం. డబ్బు మాట ఈ సీరియల్లో ఆలస్యంగా వచ్చింది. మూడో సీజన్లో మీనా ఇంటి ఇబ్బంది దగ్గర తాకారు, తాకినంతసేపూ బావుంది. అది మొదటి సీజన్లోనే రావాల్సింది.

ఐఐటీ తప్ప లోకంలో ఇంకేదీ లేనట్టు కథ నడవడం కూడా నాకు వెలితిగానే అనిపించింది. మా దగ్గరకొచ్చే తల్లిదండ్రుల్లో సగంమంది కోరిక తాడేపల్లిగూడెం ఎన్ఐటీ. 2015లో వచ్చింది, సగం సీట్లు మన రాష్ట్రం పిల్లలకే. "గూడెంలో వస్తే చాలండి, ఆదివారం ఇంటికొచ్చేస్తాడు" అంటారు. అదీ కాకపోతే ఈఏపీసెట్ రాసి కాకినాడ జేఎన్టీయూ. ఇలాంటి మధ్య మెట్ల మీద ఆగి సుఖంగా బతికేస్తున్నవాళ్ళు మా చుట్టూ బోలెడుమంది, సీరియల్లో ఒక్కరైనా గుర్తుండేలా తగల్లేదు.

పదహారేళ్ళు నిండనివాళ్ళని కోచింగుల్లో చేర్చుకోవద్దని కేంద్ర విద్యాశాఖ 2024 జనవరిలో మార్గదర్శకాలిచ్చింది. మూడో సీజన్ అదే ఏడాది జూన్‌లో వచ్చింది. మా ఊళ్ళో ఆరో తరగతికి ఐఐటీ ఫౌండేషన్ అని కరపత్రాలు ఇప్పటికీ నా మెషీన్ మీదే జిరాక్స్ తీయించుకుంటున్నారు, డబ్బులు తీసుకుని నేనూ తీసి ఇస్తున్నాను.

చూసేవాళ్ళకి రెండు జాగ్రత్తలు. అక్కడక్కడా బూతులు పడతాయి, హాల్లో పెద్దవాళ్ళుంటే సౌండ్ తగ్గించుకోండి. రెండోది ముఖ్యం. రెండో సీజన్ ఆఖరి ఎపిసోడ్ హాస్టల్లో ఉండే పిల్లల్ని ఒంటరిగా చూడనివ్వకండి. సెలవులకి ఇంటికొచ్చినప్పుడు, అన్నాలు తినేశాక, టీవీ ముందు అందరూ కూర్చుని చూడండి. మావాడు అది చూశాక పదకొండింటి దాకా వాళ్ళమ్మతో మాట్లాడుతూనే ఉన్నాడు.