బీజింగ్‌లో చక్రవర్తుల చోట్లు: ఏది చూడాలి, ఎక్కడ ఉండాలి

బీజింగ్ వెళ్ళే మనవాళ్ళలో చాలామంది చక్రవర్తుల పాత రాజభవన సముదాయమైన నిషిద్ధ నగరాన్ని ఒక్క పూటలో చుట్టేసి, మిగతా సమయాన్ని చైనా గోడకూ బజార్లకూ కేటాయిస్తారు. అసలు చక్రవర్తి అనేవాడు చేసే పని ఏమిటో తెలుసుకోవాలన్న కుతూహలం ఉన్నవారికి ఆ పూటా చాలదు, ఆ ఒక్క చోటూ చాలదు. మింగ్, చింగ్ వంశాల కాలానికి చెందిన స్థలాలను మేము చూసినంత మేరకు, బస, ఏర్పాట్లతో సహా, ఇక్కడ బేరీజు వేస్తున్నాను.

నిషిద్ధ నగరాన్ని మింగ్ వంశపు యోంగ్లె చక్రవర్తి 1406లో మొదలుపెట్టించి 1420లో పూర్తి చేయించాడు. అన్న కొడుకును గద్దె దించి 1402లో సింహాసనమెక్కిన మనిషి కాబట్టి, నాన్జింగ్‌ను వదిలి తనకు పట్టున్న ఉత్తరాదికే రాజధానిని తెచ్చుకున్నాడు. 1912లో చివరి చక్రవర్తి అయిన ఆరేళ్ళ పుయీ పేరిట పదవీత్యాగ ప్రకటన వెలువడేదాకా మొత్తం 24 మంది చక్రవర్తులకు ఇదే నివాసం. టికెట్లు వారం ముందు నుంచి ఆన్‌లైన్‌లో పాస్‌పోర్టు నంబరుతో తీసుకోవాలి. ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా 60 యువాన్లు, మిగతా నెలల్లో 40. సోమవారాలు సాధారణంగా సెలవు. దక్షిణాన ఉన్న వూమెన్ ద్వారం గుండా లోపలికి వెళ్ళి ఉత్తరం వైపో తూర్పు వైపో బయటపడాలి కాబట్టి, ఈ సంగతి చూసుకునే తిరుగు ప్రయాణానికి మెట్రో స్టేషన్‌ను ఎంచుకోవాలి.

అందరూ ఎగబడేది తైహెదియాన్ అనే మహాసభా మందిరం దగ్గర. గడప బయటి నుంచే సింహాసనాన్ని చూడాలి; వెనకవాళ్ళు నెడుతుంటే దొరికేది మన తిరుమల మహాలఘు దర్శనమే. నా సలహా ఏమిటంటే, ఆ తోపులాటలోంచి బయటికి వచ్చి పైకప్పు అంచును చూడండి. అక్కడ వరుసగా కూర్చున్న చిన్న జంతువుల బొమ్మలు పది ఉంటాయి. ఆ సంఖ్య ఈ ఒక్క భవనానికే దక్కిన గౌరవం. పట్టాభిషేకం, కొత్త సంవత్సరం, చక్రవర్తి పుట్టినరోజు వంటి సందర్భాలకే తప్ప రోజువారీ పాలనకు ఈ మందిరం వాడేవారు కాదు.

నిజమైన పని సాగింది వెనక ఉన్న అంతర్భాగంలో. 1722లో రాజ్యానికి వచ్చిన చింగ్ వంశపు యోంగ్‌జెంగ్ చక్రవర్తి యాంగ్‌షిన్‌దియాన్ అనే చిన్న భవనంలో ఉంటూ, రాష్ట్రాల అధికారులు పంపిన నివేదికలను స్వయంగా చదివి, వాటి మీదే ఎర్ర సిరాతో జవాబులు రాసేవాడు. తండ్రి కాంగ్‌షీ కొడుకులు వారసత్వం కోసం పడ్డ కుమ్ములాటను కళ్ళారా చూసినవాడు కనుక, వారసుడి పేరును పెట్టెలో పెట్టి చియాన్‌చింగ్ మందిరంలో సింహాసనం పైనున్న ఫలకం వెనక దాచే పద్ధతిని తెచ్చాడు. ఆ ఫలకాన్ని బయటి నుంచే స్పష్టంగా చూడవచ్చు. ఆ తర్వాత ఉత్తర ద్వారానికి ఎదురుగా ఉన్న జింగ్‌షాన్ గుట్ట తప్పక ఎక్కాలి. బంగారు రంగు కప్పులన్నీ ఒక్క చూపులో అందేది ఇక్కడే. 1644లో తిరుగుబాటుదారులు నగరంలో ప్రవేశించినప్పుడు చివరి మింగ్ చక్రవర్తి చోంగ్‌జెన్ ఉరివేసుకున్నదీ ఈ గుట్ట మీదే.

ఒక్కటే చోటు చూడగలిగే వీలుంటే నేను తియాన్‌తాన్‌కే, అంటే ఆకాశ దేవాలయానికే ఓటు వేస్తాను. చక్రవర్తి స్వర్గ పుత్రుడు కాబట్టి, శీతాకాల అయనాంతం నాడు ఆకాశానికి బలి అర్పించే అధికారం అతడొక్కడిదే. పంటలు పోయినా వరదలు వచ్చినా ఆ మచ్చ అతడికే అంటేది. అందుకే ముందుగా ఉపవాసం ఉండేవాడు. పడమటి వైపున్న ఉపవాస మందిరం ముందు, నియమాన్ని గుర్తుచేసే ఫలకం పట్టుకున్న కంచు మనిషి బొమ్మ ఉంది. యాత్రికులు పెద్దగా రాని ఆ మూలే నాకు అన్నిటికన్నా నచ్చింది. టికెట్ కొనేటప్పుడు ఉమ్మడి టికెట్టే అడగాలి; ఉత్త ప్రవేశ టికెట్‌తో పంటల ప్రార్థనా మందిరం ఆవరణలోకి పోనివ్వరు.

మింగ్ సమాధులకు ఒక రోజు కేటాయించేవారు యోంగ్లె సమాధి చాంగ్‌లింగ్ చూస్తే చాలు. అక్కడి మందిరంలోని దారు స్తంభాల ముందు నిలబడితే ఆయన దర్పం అర్థమవుతుంది. దశాబ్దాల తరబడి సభకు ముఖం చూపని వాన్లీ చక్రవర్తి సమాధి దింగ్‌లింగ్‌ను 1956లో తవ్వడం మొదలుపెట్టారు కానీ, ఇప్పుడు ఆ నేలమాళిగలో ఉన్నవి నకలు పెట్టెలే. అన్ని మెట్లు దిగి ఎక్కడం మా పెద్దవాళ్ళకు దండగ శ్రమ అనిపించింది. వేసవి రాజసౌధంలో సరస్సు బాగుంది. పాలన సంగతులకు మాత్రం అది అంతగా పనికిరాదు.

బస విషయానికి వస్తే, మేము మొదట హుతోంగ్ సందులో పాతకాలపు మండువా ఇంటిని ఎంచుకున్నాము. వాకిలి ముచ్చటగా ఉంది, గది మాత్రం ఇరుకు, వేడినీళ్ళు సరిగా రాలేదు, కారు లోపలికి రాదు కనుక పెట్టెలు ఈడ్చుకుంటూ నడవాలి. తర్వాత మారిన చియెన్‌మెన్ ప్రాంతపు మామూలు హోటల్‌లో ఏ ముచ్చటా లేదు కానీ, మెట్రో దగ్గర కావడంతో పెద్దవాళ్ళు సుఖపడ్డారు. మెట్రో శుభ్రంగా, చవకగా ఉంటుంది. డబ్బు చెల్లింపులకు అలీపే అనే చెల్లింపుల యాప్‌లో మన అంతర్జాతీయ కార్డును ఇంటి దగ్గరే జతచేసుకోవాలి. గూగుల్ మ్యాప్స్ మీద ఆశ పెట్టుకోకూడదు. శాకాహారులు బౌద్ధ శాకాహార భోజనశాలలను ముందే గుర్తుపెట్టుకుంటే ఇబ్బంది ఉండదు. మే, అక్టోబరు మొదటి వారాలు అక్కడి జాతీయ సెలవులు కాబట్టి, ఆ రోజుల్లో మాత్రం ప్రయాణం పెట్టుకోకండి.