సౌత్ పార్క్ స్ట్రీట్ సమాధుల తోట: చోటు గొప్పది, చూపించిన తీరు కాదు

కోల్‌కతాలోని పాత సమాధుల తోటలను చూడాలన్న కోరిక నాకు కాలిన్ మెకంజీ వల్ల కలిగింది. తెలుగు పల్లెల కైఫియత్తులను, అంటే స్థానిక చరిత్రలను, ఊరూరా మనుషులను పంపి రాయించిన ఆ స్కాట్లాండు సైనిక ఇంజనీరు 1815లో భారతదేశపు తొలి సర్వేయర్ జనరల్ అయ్యారు. 1821 మే 8న కలకత్తా దగ్గర కన్నుమూసిన ఆయనను సౌత్ పార్క్ స్ట్రీట్ శ్మశానవాటికలో ఖననం చేశారని చదివినప్పటి నుంచి ఒక్కసారైనా అక్కడ నిలబడి రావాలనుకున్నాను. కిందటి శీతాకాలంలో ఆ అవకాశం దొరికింది. ఒకసారి డబ్బు చెల్లించి ఒక నడకయాత్ర నిర్వాహకుల వెంట వెళ్లాను, మర్నాడు ఒంటరిగా మళ్లీ వెళ్లాను. ఈ సమీక్ష ఆ రెండు అనుభవాలకూ సంబంధించినది. రెండింటికీ నేనిచ్చే విలువ మాత్రం ఒకటి కాదు.

ముందు చోటు గురించి చెప్పాలి. ఇప్పుడు మదర్ థెరిసా సరణి అని పిలిచే పార్క్ స్ట్రీట్ తూర్పున ఆచార్య జగదీశ్ చంద్ర బోస్ రోడ్డును కలిసే చోట, మల్లిక్ బజార్ కూడలి రద్దీకి పక్కనే ఈ తోట ఉంది. 1767లో దీన్ని తెరిచినప్పుడు ఇది ఊరికి దూరంగా ఉండేది. ఇక్కడికి వచ్చే దారిని శ్మశానం దారి అనే అర్థం వచ్చే పేరుతోనే పిలిచేవారు. పార్క్ స్ట్రీట్ అనే సొగసైన పేరు తరువాత వచ్చింది. 1790 నాటికే తోట దాదాపు నిండిపోయినా, ఆ తరువాత నాలుగు దశాబ్దాల వరకు అక్కడక్కడా ఖననాలు జరుగుతూనే వచ్చాయి. గేటు దాటి పది అడుగులు వేస్తే చాలు, బస్సుల హారన్ల మోత తగ్గి, పెద్ద చెట్ల నీడలో నాచు పట్టిన పిరమిడ్‌లు, పైకి పోయేకొద్దీ సన్నబడే నాలుగు పలకల స్తంభాలు, గుమ్మటాలు, స్తంభాల మండపాలు ఒకదానికొకటి ఆనుకున్నట్టు కనిపిస్తాయి. వాటి మధ్య దారి ఇద్దరు పక్కపక్కన నడవడానికి మాత్రమే సరిపోతుంది.

దూరం నుంచి రాతికట్టడాల్లా కనిపించే వీటిలో చాలావరకు ఇటుకతో కట్టి గచ్చు పూసినవే. గంగా డెల్టాలో రాయి దొరకదు కనుక, రోములోనూ గ్రీసులోనూ పాలరాతితో చేసిన పనిని ఇక్కడి మేస్త్రీలు సున్నంతో నిభాయించారు. గచ్చు ఊడిన చోట్ల ఎర్రని సన్నని ఇటుకలు బయటపడి, లోపలి పనితనం కూడా తెలుస్తుంది. ఈ తోటలో నాకు అన్నిటికంటే నచ్చినది ఆ సంగతే. కట్టించిన వారి పేర్లు పలకల మీద పెద్ద అక్షరాలతో ఉన్నాయి. కట్టిన వారి పేరు నేను చూసినంతలో ఒక్కచోటా లేదు.

అసలు చూడవలసినవి ఆ పలకలే. ఎవరైనా తొందరపడకుండా ఒక వరుసలోని ఇరవై పలకలు చదివితే చాలు, ఈస్టిండియా కంపెనీ కాలపు కలకత్తా ఎలాంటిదో అర్థమవుతుంది. చనిపోయిన వారి వయసులు చూడండి: పంతొమ్మిది, ఇరవై మూడు, ఇరవై ఎనిమిది. ఒకే పలక మీద తల్లి, రెండు వారాల తరువాత బిడ్డ. ఇంగ్లండు నుంచి వచ్చి ఓడ దిగిన మనిషి ఆయుష్షు రెండు వానకాలాలని నాడు ఇంగ్లీషువాళ్లు చెప్పుకున్న మాట ఇక్కడ ఊరికే అన్నట్టు అనిపించదు. చలిజ్వరాలు, కలరా, రక్తవిరేచనాలు, వాటికి తోడు తాగుడు ఆ వయసులను అక్కడే నిలిపేశాయి. పలకలు వయసునూ ఉద్యోగాన్నీ చెబుతాయి గానీ రోగం పేరు చాలా అరుదుగా చెబుతాయి. దాని స్థానంలో సద్గుణాల జాబితా ఉంటుంది. ఆ జాబితాలను అక్షరాలా నమ్మనక్కరలేదు, కాకపోతే ఒక సమాజం తన గురించి ఏమి నమ్మాలనుకుందో వాటి నుంచి గ్రహించవచ్చు.

పేరున్న సమాధులలో విలియం జోన్స్‌దే ముందు అందరికీ చూపిస్తారు. కలకత్తా సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా వచ్చి, 1784లో ఆసియాటిక్ సొసైటీని స్థాపించి, సంస్కృతం, గ్రీకు, లాటిన్ భాషలు ఒకే మూలం నుంచి పుట్టి ఉండాలని 1786లో ప్రతిపాదించిన ఆయన 1794 ఏప్రిల్ 27న నలభై ఏడేళ్ల వయసులో చనిపోయారు. ఆవరణలోని ఎత్తైన కట్టడాల్లో ఒకటైన ఆయన స్తంభం కొన చూడాలంటే తల బాగా వెనక్కి వంచాలి. ఆయన తన సమాధి కోసం ముందే రాసిపెట్టుకున్న వాక్యాలలో, దేవుడికి భయపడ్డాడు గాని చావుకు భయపడలేదనీ, నీచులూ అన్యాయపరులూ తప్ప తనకంటే తక్కువవారు లేరనుకున్నాడనీ, జ్ఞానులూ సజ్జనులూ తప్ప తనకంటే ఎక్కువవారు లేరనుకున్నాడనీ ఉంటుంది. కొంచెం గర్వం ధ్వనించినా, చుట్టూ ఉన్న ఊకదంపుడు పొగడ్తల మధ్య అది ఒక మనిషి గొంతులా వినిపిస్తుంది. ఆయన స్థాపించిన సొసైటీ ఇదే వీధి మొదట్లో, చౌరంగీ మూలన ఇప్పటికీ నడుస్తోంది. అక్కడి నుంచి ఇక్కడికి నడిచి వస్తే ఆయన జీవితంలో చివరి పదేళ్లకు ఒక ఆకారం ఏర్పడినట్టు ఉంటుంది.

నాకు ఎక్కువ సేపు కాలు కదలనిచోటు ఛార్లెస్ స్టూవర్ట్ సమాధి. ఐర్లండుకు చెందిన ఈ మేజర్ జనరల్ రోజూ గంగాస్నానం చేసేవారనీ, విగ్రహాలు సేకరించేవారనీ, తోటి ఆంగ్లేయులు ఆయనను ‘హిందూ స్టూవర్ట్’ అని ఎగతాళిగా పిలిచేవారనీ ప్రసిద్ధి. 1828లో చనిపోయినప్పుడు ఆయన కోరిక ప్రకారం కొన్ని విగ్రహాలను ఆయనతోపాటే క్రైస్తవ శ్మశానంలో ఉంచారు. సమాధి చిన్న గుడి ఆకారంలో, ద్వారబంధం పక్కన చెక్కడాలతో ఉంది. ఈ మనిషి మతం మార్చుకున్నాడా లేదా అన్న ప్రశ్నకు సమాధి సూటిగా జవాబివ్వదు. ఆ గుమ్మానికీ చుట్టూ ఉన్న గ్రీకు మండపాలకూ మధ్య ఉన్న రెండడుగుల దూరమే ఎక్కువ చెబుతుంది.

రోజ్ ఐల్మర్ అనే యువతి 1800లో ఇరవయ్యేళ్ల వయసులో మరణించింది. ఆమెను ప్రేమించిన కవి వాల్టర్ సావేజ్ లాండర్ రాసిన పంక్తులు ఆమె మెలితిరిగిన స్మారకం మీద ఉన్నాయి. విచిత్రం ఏమిటంటే, అదే లాండర్ పేరును తన కొడుక్కి పెట్టుకున్న నవలాకారుడు ఛార్లెస్ డికెన్స్ ఆ కొడుకును సైన్యంలోకి పంపగా, వాల్టర్ లాండర్ డికెన్స్ 1863 చివరి రోజున ఈ నగరంలోనే ఇరవై రెండేళ్లకు మరణించాడు. భవానీపూర్ సైనిక శ్మశానంలో ఉన్న అతని శిలాఫలకాన్ని తరువాతి కాలంలో ఈ తోటకు తెచ్చారు. హిందూ కళాశాల ఉపాధ్యాయుడు, కవి డిరోజియో సమాధి కూడా ఇక్కడిదే; ఆయన కూడా ఇరవై రెండేళ్లకే, 1831 డిసెంబరు 26న కలరాతో పోయారు. శిబ్‌పూర్ వృక్షోద్యానాన్ని 1787లో మొదలుపెట్టిన రాబర్ట్ కిడ్ తనను ఆ తోటలోనే, ఆర్భాటం లేకుండా పూడ్చమని వీలునామాలో కోరితే, ఆ కోరికను పక్కనపెట్టి ఇక్కడికే తెచ్చారు.

ఇక నడకయాత్ర. నిర్వాహకుల పేరు చెప్పను. ఇది ఒక్కరి లోపం కాదని కూడా అనిపిస్తోంది. రెండు గంటలకు డబ్బు తీసుకుని, అందులో సగానికి దగ్గరగా దెయ్యాల మీద, ‘రక్తం కారే సమాధి’ మీద, కెమెరాలో పడిన నీడల మీద ఖర్చు చేశారు. మా గుంపులో పద్నాలుగు మంది ఉన్నాం. ఒక్క పలకనైనా మార్గదర్శి పూర్తిగా చదివి వినిపించలేదు. జోన్స్ దగ్గర రెండు నిమిషాలు ఆగి, స్టూవర్ట్ దగ్గర ‘ఈయన హిందువుగా మారాడు’ అని ఒక్క ముక్కలో తేల్చి, డిరోజియోను దారి పక్కన చూపించి వదిలేశారు. మెకంజీ సమాధి ఏ వైపున ఉందని నేను అడిగితే, ఆయన ఎవరని నన్నే ఎదురు అడిగారు. అడగడంలో తప్పులేదు, నేను చెప్పిన రెండు వాక్యాలను శ్రద్ధగానే విన్నారు. డబ్బు తీసుకున్న మనిషికి నేను పాఠం చెప్పవలసి రావడం మాత్రం బాగా లేదు.

మెకంజీని తెలియకపోవడం తెలుగువాడినైన నాకు ఎందుకంతగా తగిలిందో చెప్పాలి. మెకంజీకి సహాయకులుగా పనిచేసిన ఏలూరు ప్రాంతపు కావలి సోదరులు బొర్రయ్య, లక్ష్మయ్య, రామస్వామి లేకపోతే మెకంజీ సేకరణ లేదు. బొర్రయ్యతో ఏర్పడిన పరిచయమే తనకు భారతీయ విజ్ఞానపు వాకిట్లో మొదటి అడుగు అని మెకంజీయే రాశారు. ఆ బొర్రయ్య 1803లో, ముప్పయ్యేళ్లు నిండకుండానే చనిపోయాడు. ఇక్కడి పలకల మీద కనిపించే చిన్న వయసులు దొరలకే పరిమితం కావని, పలక దక్కినవారు మాత్రమే దొరలని ఆ సంగతి గుర్తుచేస్తుంది. మెకంజీ మరణానంతరం ఆయన సేకరణను భార్య నుంచి కంపెనీ కొనుక్కుంది. పనిని కొనసాగిస్తానన్న లక్ష్మయ్యకు ఆ అవకాశం దక్కలేదు. తరువాత ఆ కాగితాలలో కొంత భాగాన్ని కాపాడి నకళ్లు రాయించిన సి.పి. బ్రౌన్ పుట్టింది కూడా ఈ కలకత్తాలోనే, 1798లో. ఇన్ని తెలుగు దారాలు కలిసే చోట తెలుగు సందర్శకుడికి పనికివచ్చే సూచన ఒక్కటీ లేకపోవడం విచారకరం. నాలా వెళ్లేవారు సమాధి సంఖ్యను ఇంటి దగ్గరే కనుక్కుని, కాగితం మీద రాసుకుని వెళ్లడం మంచిది. అది లేకుండా వెతకడానికి దిగి నేను మధ్యాహ్నమంతా వరుసల మధ్య తిరిగాను. ఫలితం దక్కలేదు, కాకపోతే ఆ తిరగడంలోనే వందకు పైగా పలకలు చదివాను.

నిర్వహణ విషయంలో ఈ తోట ఇంకా నిలిచి ఉండటమే పెద్ద మాట. వీధికి అవతల ఉన్న నార్త్ పార్క్ స్ట్రీట్ శ్మశానవాటిక 1950లలో చదునై, దాని మీద కొత్త కట్టడాలు లేచాయి. నవలాకారుడు థాకరే తండ్రి సమాధి అక్కడ ఉండేది. దక్షిణాసియాలోని ఐరోపావారి సమాధుల రక్షణ కోసం 1976లో బ్రిటన్‌లో ఏర్పడిన సంఘమూ, ఇక్కడి పరిరక్షకులూ పూనుకున్నాక ఈ తోటకు దశ తిరిగింది. ఆ సంఘం తన పత్రికకు ‘చౌకీదార్’ అని పేరు పెట్టుకోవడం నాకు నచ్చింది. తుమ్మిపొదలు కొట్టేసినా, మర్రి, రావి మొలకలు మాత్రం గచ్చు పగుళ్లలో వేళ్లు దించుతూనే ఉన్నాయి. వానల తరువాత వాటితో పోరాటం ఏటా మొదటికి వస్తుంది.

సమయం ఉన్నవారు మరో రెండు చోట్లను కలుపుకోవాలి. సెయింట్ జాన్స్ చర్చి ఆవరణలో, కలకత్తా స్థాపకుడిగా చెప్పుకునే కంపెనీ ఉద్యోగి జాబ్ ఛార్నాక్ అష్టభుజి సమాధి ఉంది. దాని పలకలో వాడిన, మద్రాసు దగ్గరి పల్లావరం నుంచి వచ్చిన రాతికే భూగర్భ శాస్త్రవేత్త థామస్ హాలండ్ ‘ఛార్నొకైట్’ అని పేరు పెట్టారు. తూర్పు కనుమలలో విస్తారంగా దొరికే రాయి అదే కనుక మనవారికి పేరు కాకపోయినా రాయి పరిచయమే. రెండోది, రోడ్డుకు అవతలి వైపున 1840లో తెరిచిన లోయర్ సర్క్యులర్ రోడ్ శ్మశానవాటిక. అక్కడ బెంగాలీ కవి మైకేల్ మధుసూదన్ దత్ ఉన్నారు. 1873 జూన్ 26న భార్య హెన్రియెట్టా, మూడు రోజులకు ఆయన మరణించారు. ఆయనే రాసుకున్న బెంగాలీ పంక్తులు, వంగదేశంలో పుట్టినవాడివైతే బాటసారీ ఒక్క క్షణం ఆగు అని అడుగుతాయి. పొద్దంతా ఇంగ్లీషు పలకలే చదివాక ఆ అక్షరాలు చూస్తే, నగరం ఇప్పుడు తన సొంత భాషలో మాట్లాడినట్టుంటుంది.

వెళ్లేవారికి నాలుగు ఆచరణ సంగతులు. డిసెంబరు, జనవరి నెలలు అనువైనవి. వానకాలంలో నాచు జారుతుంది, దోమలు నిలవనివ్వవు. ప్రవేశ రుసుము చిన్నదే. పొద్దున్నే వెళితే పలకల మీద ఏటవాలుగా పడే వెలుగులో అరిగిపోయిన అక్షరాలు లేచి కనిపిస్తాయి, మధ్యాహ్నం అవే కనిపించవు. మంచినీళ్లు, బూట్లు, ఒక నోటు పుస్తకం ఉంటే చాలు. తోటకు నేను ఐదింటికి నాలుగున్నర ఇస్తాను. నడకయాత్రకు ఒకటిన్నర; ఆ అర మార్కు కూడా, చివర్లో మెకంజీ పేరును ఎలా రాయాలని అడిగి తన పుస్తకంలో రాసుకున్న ఆ మార్గదర్శి కోసం.